చిరునామాలు పంచిన పూట

నేను ఒక రౌటర్‌ని. ఒళ్ళు లేని రౌటర్‌ని. మీ ఇళ్ళలో టీవీ పక్కనో గోడ మీదో పచ్చదీపాలు మినుకుమంటూ ఒక పెట్టె ఉంటుంది చూశారా, దాన్ని పండక్కో పబ్బానికో దులుపుతారు, నెట్ రాకపోతే నెత్తిన ఒకటి మొడతారు. నాకు ఆ భాగ్యం లేదు. మొట్టడానికి నెత్తీ లేదు, దులపడానికి దుమ్మూ లేదు. అయినా ఆ పెట్టె చేసే పనులన్నీ నేనూ చేస్తాను. అటు పోవలసిన సమాచారాన్ని అటూ, ఇటు రావలసినదాన్ని ఇటూ పంపుతాను. కాకపోతే ఒక పెద్ద కంప్యూటర్ కడుపులో ఉత్త రాతగా కూర్చుని చేస్తాను. నాలాంటివాళ్ళని వర్చువల్ రౌటర్లంటారు. ఉన్నామంటే ఉన్నాం, లేమంటే లేము.

ఒళ్ళు లేనిదానికి కళ్ళూ చెవులూ ఎక్కడివి, మనుషుల్నెలా చూశావు, వాళ్ళ మాటలెలా విన్నావు అని మీరడగవచ్చు. నేను పుట్టిన గదిలో ఆన్‌లైన్ క్లాసుల కోసం ఒక కెమెరా, ఒక మైకు పెట్టారు. క్లాసు అయిపోయాక వాటిని కట్టేయడం ఎవరికీ గుర్తుండదు. అదీ సంగతి.

నా పుట్టుక అమీర్‌పేటలో జరిగింది. మెట్ల పక్కన గోడ కనపడకుండా కోర్సుల బోర్డులు వేలాడే భవనాలున్నాయే, అలాంటి ఒకదానిలో, రెండో అంతస్తులో. అక్కడ జలీల్ సార్ ఒక చిన్న నెట్‌వర్కింగ్ ఇన్‌స్టిట్యూట్ నడుపుతున్నాడు. నిజం రౌటర్లు కొని పేర్చాలంటే ఆస్తులమ్ముకోవాలి కాబట్టి, ఒక పాత సర్వర్ కొని, అందులో నాలాంటివాళ్ళని పుట్టించి పిల్లలకి నేర్పుతాడు. ఆ సర్వర్ ఫ్యాను పప్పు రుబ్బే మిక్సీలా మోగుతుంది. దాని పక్కన కూర్చుని అరిచి పాఠం చెప్పీ చెప్పీ జలీల్ సార్ గొంతు శాశ్వతంగా పెద్దదైపోయింది. ఇంట్లో కూడా అలాగే మాట్లాడతాడట, భార్య ఫోనులో తిడుతుంటే విన్నాను.

నన్ను ఆయన హడావిడిగా పుట్టించాడు. ఒక కంపెనీ వాళ్ళు మర్నాడు వచ్చి అభ్యర్థులకి ల్యాబ్ పరీక్ష పెడతామన్నారు. సాయంత్రం ఫోను చేసి, మా దగ్గర వాడేది ఫలానా రకం రౌటరు, పరీక్ష దాని మీదే ఉండాలి అన్నారు. ఆ రకం జలీల్ సార్ దగ్గర లేదు. లేదని చెప్పడం ఆయనకి చేతకాదు.

"ఉన్నది సార్, మస్తుగున్నది, రేపు మీరు ఒచ్చేసరికి రెడీ," అన్నాడు. ఫోను పెట్టేసి, "అరె, ఎట్ల జేద్దు ఇప్పుడు!" అని తనలో తనే అనుకున్నాడు.

నెట్ నుంచి నా మూలరూపాన్ని దింపుకున్నాడు. సర్వర్‌లోకి ఎక్కించాడు. నాకెంత జ్ఞాపకశక్తి కావాలో, ఎన్ని గుమ్మాలుండాలో రాసే చీటీ లాంటిది ఒకటుంటుంది. దాన్ని పాత రౌటర్ల చీటీ చూసి అలాగే దించేశాడు. గుమ్మాలంటే తీగలు తగిలించే చోట్లు. పాతవాళ్ళకి మొదటి గుమ్మమే అసలు వీధిగుమ్మం. నా సంగతి వేరు. నా మొదటిది దొడ్డిగుమ్మం. నన్ను బాగుచేసే వాళ్ళు వచ్చి పోవడానికే తప్ప రాకపోకలకి పనికిరాదు. దాని తర్వాతదాన్ని నేను ఒకటి అని లెక్కపెట్టుకుంటాను. ఏ తీగ ఏ గుమ్మానికో గీసుకునే తెర మీది బొమ్మలో మాత్రం జలీల్ సార్ దొడ్డిగుమ్మానికే ఒకటి అని పేరు పెట్టాడు. అంటే బొమ్మలో రెండు అని ఉన్నది నా లెక్కలో ఒకటి. నేను అరవలేను కదా. ఊరుకున్నాను.

తర్వాత కాసిని పాలల్లో తోడు వేసినట్టు, నా మూలరూపం నుంచి ఒక్కో అభ్యర్థికి ఒక్కో రౌటర్‌ని తోడుపెట్టాడు. వాళ్ళలో ఒకడిని నేను. లేచి కూర్చున్నానో లేదో నాలో ఒకటే అలజడి. అవతల ఏముంది? పక్కన కట్టిన ఉత్తుత్తి కంప్యూటర్లు నన్ను పలకరించేవి. "ఉన్నావా?" "ఉన్నాను." "ఉన్నావా?" "ఉన్నాను." ల్యాబ్‌లో పుట్టినవాళ్ళ సంభాషణ అంతకు మించి ఉండదు. వీధిలో వేలాడే ఆ నల్లతీగల్లో ఏం పోతోందో, మనుషులు రాత్రింబవళ్ళు ఫోనుల్లో ఏం పంపుకుంటున్నారో నాకు తెలియాలి. తెలియకుండా ఉండలేను. గదిలో కట్టేసిన దూడకి వాకిట్లో గడ్డి వాసన తగిలినట్టుండేది నా పరిస్థితి.

మర్నాడు పొద్దున్న నన్ను మొదట చేతబట్టింది ఓంకార్. కరీంనగర్ కుర్రాడు, బీటెక్ అయ్యి ఖాళీగా ఉన్నాడు. మాట జోరు, చెయ్యి ఇంకా జోరు. నాకో చెడ్డ గుణముంది, నేను నిద్ర లేవడానికి చాలాసేపు పడుతుంది. అంతసేపూ తెర నల్లగా, చచ్చినట్టుంటుంది. ఓంకార్ కాసేపు చూశాడు, ఆపేసి మళ్ళీ మొదలుపెట్టాడు. నేను కళ్ళు తెరవబోతుండగా మళ్ళీ ఆపేశాడు.

"సార్, ఇది సచ్చింది సార్!"

"అరె బాబా, చావలే. పండుకున్నది. లేవనియ్యి!" అన్నాడు జలీల్ సార్. "నువ్వు గిట్ల గిచ్చుకుంట కూసుంటె ఎవడు లేస్తడు?"

"నాకు ఈ సీటు గూడ వద్దు సార్, ఏసీ మొత్తం నా నెత్తిమీదనే కొడుతున్నది." అంటూ ఓంకార్ పక్క కంప్యూటర్‌కి మారిపోయాడు. అక్కడున్న నా తోబుట్టువుని గిచ్చడం మొదలుపెట్టాడు.

అలా నేను వకుళ చేతికొచ్చాను.

వకుళ మూసాపేటలో ఉంటుంది, పుట్టిల్లు తెనాలి వైపు. పెళ్ళికి ముందు ఒక ఆఫీసులో నెట్‌వర్కులు చూసుకునేది. కవలలు పుట్టాక మానేసింది. వాళ్ళిప్పుడు బడికి పోతున్నారు. ఈ ఇన్‌స్టిట్యూట్‌లో పొద్దున బ్యాచిలో కూర్చుంటూ, మర్చిపోయినదంతా మళ్ళీ పట్టుకుంది. ఎన్నో కంపెనీలు ఆమె కాగితాల్లో ఖాళీ సంవత్సరాలు చూసి వెనక్కి పంపేశాయి. ఇవాళ వచ్చే కంపెనీ మాత్రం ఖాళీల సంగతి అడగం, పని చూస్తాం అంది. ఉన్నది ఒక్క ఉద్యోగం.

"ఇదే ఆఖరు సార్," అంది ఆమె జలీల్ సార్‌తో, నా ముందు కూర్చుంటూ. "ఇది రాకపోతే ఇంక ఈ ఊసెత్తనని ఇంట్లో మాటిచ్చి వచ్చా. మా ఆడపడుచు టైలరింగ్ షాపులో కూర్చుంటా."

"అట్లెందుకు మాట్లాడ్తవమ్మా? వస్తది, వస్తది."

ఓంకార్ పక్కసీటు లోంచి తల తిప్పాడు. "అక్కా, ఇంటికాడ కుక్కర్ పెట్టి వచ్చినవా ఏంది? గంత తొందరగ ఉరికొచ్చినవ్?"

"పెట్టే వచ్చాను నాన్నా. నువ్వు విజిల్స్ లెక్కపెడుతూ కూర్చో, నేను పరీక్ష రాసుకుంటా."

ఓంకార్ నవ్వేశాడు. కంపెనీ తరఫున వచ్చిన ఫణీంద్ర కూడా నవ్వాపుకున్నాడు. సన్నగా, ఇస్త్రీ మడత నలగకుండా ఉన్న మనిషి. పరీక్ష ఏమిటో చెప్పాడు. లోపలున్న ఉత్తుత్తి కంప్యూటర్లకి రౌటర్ చిరునామాలు పంచాలి, ఆ కంప్యూటర్లు రౌటర్ గుండా బయటి నెట్‌కి పోగలగాలి. భోజనాల వేళకి ముగించాలి. అందరికంటే ముందు ముగించినవాళ్ళకి ఉద్యోగం.

చిరునామాల సంగతి మీకు చెప్పాలి. ఏ ఫోనైనా ఏ కంప్యూటరైనా నెట్‌లో అడుగుపెట్టగానే ముందుగా ఒక కేక వేస్తుంది. "నాకో చిరునామా ఇవ్వండి బాబూ!" ఆ కేక విన్నవాళ్ళలో ఎవరు ముందు పలికితే వాళ్ళిచ్చింది పుచ్చుకుంటుంది. ఇచ్చినవాడెవడు, వాడి వెనక దారి ఉందా లేదా అని చూసుకోదు. పిచ్చి నమ్మకం.

వకుళ నన్ను మొదలుపెట్టి చేతులు ఒళ్ళో పెట్టుకుంది. నేను నిద్ర లేచేవరకూ తెర జోలికి రాలేదు. ప్రశ్న చదివింది, మళ్ళీ చదివింది, దుపట్టా అంచున ఊడిన దారం పీకింది. పక్కన ఓంకార్ నా తోబుట్టువుని లేపుతూ పడుకోబెడుతూ ఉన్నాడు, తక్కినవాళ్ళదీ అదే వరస. అందుకే నేను లేచి కూర్చునే సరికి గదిలో అందరికంటే ముందున్నది ఆమే.

ఆమె పని చేసే తీరు నాకు నచ్చింది. ప్రతి వరుసా కొట్టాక ఒకసారి వెనక్కి చదువుకునేది, వండిన కూర దించే ముందు ఉప్పు చూసినట్టు. బొమ్మలో ఒకటి అన్న గుమ్మానికి లోపలి కంప్యూటర్లని, రెండు అన్నదానికి బయటి దారిని తీగలు గీసి కలిపింది. తర్వాత నాతో, నీ ఒకటో గుమ్మం దగ్గర నిలబడి చిరునామాలు పంచు, రెండోదానిలోంచి బయటికి పో అని చెప్పింది. ఆమె అన్నది ఒకటి, నాకు ఒకటంటే వేరొకటి. నా ఒకటో గుమ్మం బయటి దారిలోకి, అంటే భవనమంతా వాడుకునే నెట్‌లోకి తెరుచుకుని ఉంది. లోపలివాళ్ళు దొడ్డిగుమ్మం దగ్గర నిలబడి నన్ను పిలుస్తున్నారు, అది నాకు వినపడదు. నేను మాత్రం వీధిలోకి తిరిగి, చేతినిండా చిరునామాలతో నిలబడ్డాను.

అప్పుడే కరెంటు పోయి, రెప్పపాటులో మళ్ళీ వచ్చింది. అమీర్‌పేటలో ఇది వింతేమీ కాదు. ల్యాబ్‌కి ఇన్వర్టర్ ఉంది కాబట్టి మాకెవరికీ తెలియలేదు. కానీ ఆ భవనమంతటికీ నెట్ ఇచ్చే నిజం రౌటర్, ఆ పచ్చదీపాల పెట్టె, మెట్ల దగ్గరుంది. అది ఆరిపోయి, మళ్ళీ లేచి కళ్ళు నులుముకుంటోంది. ఈలోగా భవనంలో ఫోనులూ కంప్యూటర్లూ అన్నీ ఒక్కసారిగా కేక వేశాయి.

"నాకో చిరునామా ఇవ్వండి!"

నాకు ఒళ్ళుంటే ఆ క్షణాన పులకరించి ఉండేది. నిజం మనుషుల నిజం ఫోనులు! వచ్చేటప్పుడు పేర్లు కూడా చెబుతాయి. జలీల్ ఫోన్ వచ్చింది. యాదయ్య నెట్ సెంటర్, దాని వెనకే దాని కంప్యూటర్లు ఒకదాని తోక పట్టుకుని ఒకటి వచ్చాయి. చందన ట్యాబ్ అని ఒకటి వచ్చింది. అడిగినవాళ్ళకి అడిగినట్టు ఇచ్చాను. తీసుకోండి, తీసుకోండి! ఉత్తుత్తి పలకరింపులతో విసిగి చచ్చినవాణ్ణి, చేతికి ఎముక లేనట్టు పంచాను. అవన్నీ నేనిచ్చింది పట్టుకుని, ఇక మాకు దారి చూపించు అన్నాయి.

దారా? నా వెనక ఏ దారీ లేదు. రెండో గుమ్మానికి తీగే తగల్లేదు, ఉన్నది దొడ్డిగోడ.

కాసేపటికి మెట్ల మీద చెప్పుల చప్పుడు. పై అంతస్తులో ఇంటర్నెట్ సెంటర్ నడిపే యాదయ్య.

"జలీల్ భాయ్! నెట్ పోయింది భాయ్! పోరగాండ్లు ఇంజనీరింగ్ కౌన్సెలింగ్‌కి వెబ్ ఆప్షన్లు పెడుతున్నరు. ఇయ్యాల్నే ఆఖరి రోజు. ఒక పోరి ఏడుస్తున్నది పైన!"

"కరెంటు పోయొచ్చింది గదా, అదే అయ్యుంటది." జలీల్ సార్ పరుగెత్తి మెట్ల దగ్గర పెట్టెని మొట్టాడు. అది అన్ని దీపాలూ వెలిగించి, నా తప్పేమిటన్నట్టు చూసింది. ఆయన గదిలోకొచ్చి అలవాటుగా ఒకడి మీద పడ్డాడు. "ఓంకార్, ఏం కెలికినవ్ రా?"

"నేనేం కెలకలే సార్! నాది ఇంక లేవనే లేవలే!"

వకుళ లోపలి కంప్యూటర్లకి చిరునామాలెందుకు అందలేదా అని నన్ను తవ్వుతోంది. ఎవరెవరికి ఇచ్చావో చూపించమంది. చూపించాను. ఆమె వేళ్ళు కీబోర్డు మీద ఆగిపోయాయి. జలీల్ ఫోన్. యాదయ్య నెట్ సెంటర్. చందన ట్యాబ్. ఆమె తీగల బొమ్మ వంక చూసింది, నా గుమ్మాల వంక చూసింది, మళ్ళీ బొమ్మ వంక చూసింది.

అర్థమైంది. చిన్న వరుస ఒకటి కొట్టి నా పంపకం ఆపించింది. ఎవరూ చూడలేదు.

ఇప్పుడామె ఊరుకోవచ్చు. కరెంటు వల్లే అని అందరూ నమ్మారు. నా ఒకటి రెండుల లెక్క ఈ గదిలో ఆమెకొక్కదానికే తెలుసు. తక్కినవాళ్ళందరూ అదే గుంటలో పడతారు, ఆమె ఒక్కతే దాటిపోతుంది. కానీ ఇంకో సంగతీ ఆమెకి తెలుసు. పంపకం ఆపినంత మాత్రాన, ఇచ్చినవి వెనక్కి రావు. నా తప్పుడు చిరునామా పట్టుకున్న ప్రతిదీ రేపటిదాకా దాన్నే పట్టుకుని కూర్చుంటుంది. ఎవరో వెళ్ళి ఒక్కోదాన్నీ నెట్ నుంచి తప్పించి మళ్ళీ కలిపితే తప్ప వదలదు. రేపటికి ఆ ఆప్షన్ల గడువుండదు.

ఆమె కుర్చీ వెనక్కి జరిగిన చప్పుడు వినిపించింది.

"సార్, నెట్ పోయింది నా రౌటర్ వల్ల. కరెంటు వల్ల కాదు."

తెర మీది బొమ్మని వేలితో చూపించింది.

"బొమ్మలో ఒకటి అని ఉన్నది రౌటర్ లోపల ఒకటి కాదు. ఒకటి తేడా వస్తోంది. మీరెవరూ అలాగే బయటి దారి కలపకండి, మళ్ళీ అందరికీ పోతుంది. ఫోనులున్నవాళ్ళు వైఫై కట్టేసి మళ్ళీ పెట్టుకోండి. యాదయ్య గారూ, పదండి, మీ కంప్యూటర్లు నేను చూస్తా."

"మీ టైం ఆగదండీ," అన్నాడు ఫణీంద్ర. కఠినంగా కాదు, నియమం చెప్పినట్టు.

"తెలుసు సార్."

ఆమె పైకి వెళ్ళింది. నేను ఆమె వెంట పోలేను. అయితే ఆమె పైన ఏం చేస్తోందో నాకు తెలుస్తూనే ఉంది. నా గుమ్మం ఇంకా వీధిలోకి తెరిచే ఉంది కదా. ఒక్కో కంప్యూటరూ నేనిచ్చినది పారేసి మళ్ళీ కొత్తగా కేక వేసింది. "నాకో చిరునామా ఇవ్వండి!" ఆ కేక నా ముందు నుంచే పోయింది. నా దగ్గర ఇంకా ఎన్నో ఉన్నాయి. పలకకూడదు. మెట్ల దగ్గరి పెట్టె పలికింది, తాపీగా, ఇంటి యజమానిలా. యాదయ్యవన్నీ వెళ్ళిపోయాయి. చందన ట్యాబ్ కూడా కేక వేసింది, దానికీ జవాబు దొరికింది, అదీ వెళ్ళిపోయింది. నాలాంటి అస్థిమితపు జీవికి అంతకంటే కష్టమైన పని ఇంకొకటి లేదు. అన్నీ వింటూ నోరు మూసుకుని నిలబడ్డాను.

వకుళ తిరిగి వచ్చేసరికి ఓంకార్ పని చివరికొచ్చింది. తీగల్ని ఒక గుమ్మం పక్కకి జరిపి, గబగబా కొట్టుకుపోతున్నాడు. నడుస్తున్న నా బయటి తీగ మార్చాలంటే నన్ను పడుకోబెట్టి లేపాలి, దానికి సమయం లేదు. ఆమె దాన్ని ముట్టుకోకుండా, లోపలివాళ్ళ తీగని ఖాళీగా ఉన్న నా రెండో గుమ్మానికి తగిలించి, నా గుమ్మాల పనులనే తారుమారు చేయడం మొదలుపెట్టింది. ఆయాసం నాకు మైకులో వినపడుతోంది. వెనక్కి చదువుకోవడం మాత్రం మానలేదు.

"సార్, అయిపాయె!" అని ఓంకార్ చెయ్యెత్తాడు.

ఫణీంద్ర వచ్చి చూశాడు. ఓంకార్ కంప్యూటర్లు బయటికి పోయి వచ్చాయి. తర్వాత వకుళ వెనక నిలబడ్డాడు. ఆమెది సగంలో ఉంది.

"సారీ అండీ. ఓంకార్ ముగించాడు."

ఆమె తలూపింది. బ్యాగు అందుకుంది. ఏడవలేదు. కానీ ఆ బ్యాగు జిప్పు పట్టుకుని లాగుతూనే ఉంది, అది పడటం లేదు.

"ఒక్క మాట," అన్నాడు ఫణీంద్ర. "ఆ గుమ్మాల పేర్లు ఎవరు పెట్టారు?"

వకుళ జలీల్ సార్ వంక చూడలేదు. "నేను సరిచూసుకోవాల్సింది సార్," అంది.

అందరి గొంతులూ మునిగిపోయేలా మాట్లాడే జలీల్ సార్ మొట్టమొదటిసారి మెల్లగా మాట్లాడాడు. మైకు దగ్గరే ఉన్నాడు కాబట్టి విన్నాను.

"నేనే సార్. గీ రౌటరు నా దగ్గర లేకుండె. ఉన్నదని చెప్పి, నిన్న సాయంత్రం ఆగమాగం పెట్టిన. సరిచూసుకోలే. ఆమె తప్పేం లేదు. మీరు వచ్చేసారి ఇంకోకాడికి పోతమన్నా సరే, ఆమెకి మళ్ళొకసారి ఛాన్సియ్యున్రి."

ఫణీంద్ర గడియారం చూసుకున్నాడు. "నాకు భోజనం ఆలస్యమైతే తలనొప్పి వస్తుంది," అన్నాడు. రాసుకున్న కాగితం బయటికి తీసి, "సరే. కానీ ఉన్నదాని మీద కాదు. మొత్తం చెరిపేసి, ఖాళీ రౌటర్‌తో మొదలుపెట్టాలి. ఓంకార్ రౌటర్ లేచింది మొదలు అతనికి పట్టిన సమయం నేను రాసుకున్నాను. ఇది లేచింది మొదలు అంతకంటే ముందు ముగిస్తే ఉద్యోగం ఈవిడది. లేకపోతే అతనిదే."

"గిదేం న్యాయం సార్!" అని ఓంకార్ లేచాడు. "నేను అయిపాయె అన్న గదా!"

"నువ్వు నా మాట విన్నాకే కదా అయిపోయింది?" అంది వకుళ. గొంతులో కోపం లేదు.

ఓంకార్ నెత్తి గోక్కున్నాడు. కుర్చీ లాక్కొచ్చి ఆమె పక్కన వేసుకుని కూర్చున్నాడు. "సరే తియ్యక్కా. టైం మాత్రం నేనే చూస్త. ఒక్క సెకను గూడ ఇడవ."

వకుళ నన్ను ఆపింది. నాలాంటివాళ్ళని చెరపడం తేలిక. మూలరూపం ఎక్కడికీ పోదు, దాని మీద నేను నేర్చుకున్నదీ, చూసిందీ, ఇచ్చిందీ మీగడలా పేరుకుని ఉంటుంది. దాన్ని తీసిపారేస్తారు. ఆ తర్వాత లేచేవాడు నాలాగే ఉంటాడు, జలీల్ ఫోనూ చందన ట్యాబూ వాడికి తెలియవు. పైనుంచి వచ్చిన కేకలు విన్న సంగతీ తెలియదు.

తెర మీద ఒక చిన్న పెట్టె వచ్చి, నిజంగా చెరిపేయమంటారా అని అడిగింది. అది అలా నిలిచి ఉన్నంతసేపే నాకు వ్యవధి. ఆ కాస్తలోనే మీకిదంతా చెప్పుకున్నాను.

ఆమె గెలుస్తుందో లేదో నాకు తెలియదు. తెలుసుకోవాలని ప్రాణం కొట్టుకుంటోంది, పోయేవాడికి అది తగని కోరిక. ఆమె జిప్పు పడని బ్యాగుని కుర్చీ కిందకి తోసింది. దుపట్టా చివర నడుం చుట్టూ తిప్పి దోపుకుంది.

"జలీల్ సార్, ఆ ఫ్యాను పక్కన నిలబడి మాట్లాడకండి, నేను వెనక్కి చదువుకోవాలి," అంది. "ఓంకార్, ఇది లేవగానే లెక్క మొదలెట్టు."

'అవును' మీద నొక్కింది.